ఇల్లు మారితే కార్డేం కావాలి, పింఛనేం కావాలి



ఖరీఫ్ పంట ఇంటికి చేరిందో లేదో, కర్నూలు జిల్లా పడమటి మండలాల్లో ఊళ్లు ఖాళీ అవడం మొదలవుతుంది. కోసిగి, కౌతాళం, మంత్రాలయం వైపు నుంచి కుటుంబాలకు కుటుంబాలు మూటాముల్లె సర్దుకుని గుంటూరు దిక్కుకు బయలుదేరతాయి. పత్తి తీతకు, మిరప కోతకు. సుగ్గికి పోతున్నామంటారు. శ్రీకాకుళం వాళ్లు విశాఖకో చెన్నైకో, అనంతపురం వాళ్లు బెంగళూరుకో, పాలమూరు వాళ్లు హైదరాబాదుకో ముంబైకో పోవడం తరతరాలుగా చూస్తున్నదే. ఇంటికి తాళం వేసేటప్పుడు వీళ్లందరి మనసులో ఒకటే దిగులు. మనం ఊళ్లో లేమని తెలిస్తే కార్డు తీసేస్తారేమో, అవ్వ పింఛను ఆపేస్తారేమో.

ఈవేళ ఆ దిగులు గురించి మాట్లాడదామనుకుంటున్నాను. బతుకుతెరువు కోసం ఇల్లు మారడం తప్పు కాదు. ఇల్లు మారినంత మాత్రాన ప్రభుత్వం ఇచ్చే తిండిగింజల మీద, పింఛను మీద హక్కు పోదు. అయితే కొన్నిటికి ఇల్లు మారిన సంగతి వెంటనే చెప్పాలి. కొన్నిటికి చెప్పనక్కర్లేదు. ఈ తేడా తెలియకనే చాలామంది నష్టపోతున్నారు. చెప్పాల్సిన చోట చెప్పరు, అక్కర్లేని చోట ఆఫీసుల చుట్టూ తిరిగి కూలి పోగొట్టుకుంటారు.

ముందు బియ్యం సంగతి. ఇక్కడ కబురు మంచిదే. కొన్నాళ్లకోసం వేరే ఊరు వెళ్లినప్పుడు రేషన్ బియ్యం కోసం చిరునామా మార్చుకోనక్కర్లేదు. 2013లో వచ్చిన జాతీయ ఆహార భద్రతా చట్టం మనిషికి నెలకు 5 కిలోలు, అంత్యోదయ కార్డున్న ఇంటికి 35 కిలోలు హక్కుగా ఇచ్చింది. కానీ ఆ హక్కు చాలాకాలం ఒక ఊరికి, ఆ ఊళ్లో ఒక డీలరుకు కట్టుబడి ఉండేది. మనిషి వలస పోతే ఆయన వాటా బియ్యం ఊళ్లోనే ఆగిపోయేవి. 2019 ఆగస్టులో ఈ కట్టు తెంచే ప్రయత్నం మొదలైంది. ఒక రాష్ట్రం కార్డుతో మరో రాష్ట్రంలో బియ్యం ఇచ్చే పద్ధతిని దేశంలో మొట్టమొదట నాలుగు రాష్ట్రాల్లో అమలు చేసి చూశారు. వాటిలో రెండు మనవే, ఆంధ్రప్రదేశ్, తెలంగాణ. మిగతా రెండు గుజరాత్, మహారాష్ట్ర. ఆ మరుసటి ఏడాది కరోనా వచ్చింది. కూలీలు పిల్లల్ని భుజాన వేసుకుని వందల మైళ్లు నడిచి ఇళ్లకు పోవడం దేశమంతా చూసింది. 2021 జూన్‌లో సుప్రీంకోర్టు గట్టిగా చెప్పింది, ఆ జూలై 31 లోగా అన్ని రాష్ట్రాలూ ఈ పద్ధతిలోకి రావాలని. 2022 జూన్‌లో అస్సాం కూడా చేరడంతో దేశమంతటికీ వర్తించింది.

కాబట్టి కోసిగి కార్డున్న కుటుంబం గుంటూరు జిల్లాలో ఏ చౌకడిపోకు వెళ్లినా కార్డు నంబరు చెప్పి, వేలిముద్ర వేసి బియ్యం తీసుకోవచ్చు. అలా తీసుకుంటే ఊళ్లో కార్డు పోతుందేమోనని భయపడేవాళ్లు ఉన్నారు. పోదు. కార్డులో చిరునామా ఎక్కడిది అక్కడే ఉంటుంది. రాష్ట్రం దాటి వెళ్లినవాళ్లకు ఇంకో వెసులుబాటు ఉంది. భర్త బెంగళూరులో తాపీపనికి పోయి, భార్యాపిల్లలు ఊళ్లో ఉన్నారనుకోండి. ఆయన తన వాటా అక్కడ తీసుకోవచ్చు, మిగిలిన వాటా వీళ్లు ఇక్కడ తీసుకోవచ్చు. దీనికోసం కార్డును రెండు చేసుకోవాల్సిన పని లేదు. కార్డులో పేరున్న అందరూ వేయాల్సిన ఈకేవైసీ వేలిముద్ర కూడా అంతే, దానికోసం చార్జీలు పెట్టుకుని సొంతూరు వెళ్లనక్కర్లేదు. ఉన్నచోటే ఏ డిపోలోనైనా వేయొచ్చు.

ఒక్క జాగ్రత్త మాత్రం చెప్పాలి. రాష్ట్రం దాటినప్పుడు బియ్యం ఇచ్చేది కేంద్ర ఆహార భద్రతా చట్టం కింద ఉన్న కార్డులకే. మన రెండు రాష్ట్రాల్లోనూ ఆ చట్టం కిందికి రాని కుటుంబాలకు రాష్ట్ర ప్రభుత్వాలే తమ ఖర్చుతో కార్డులిచ్చాయి. ఆ కార్డు రాష్ట్రం లోపల ఎక్కడైనా చెల్లుతుంది గానీ బెంగళూరులోనో ముంబైలోనో చెల్లదు. మీది ఏ రకమో మీ డీలరును గానీ, ఆంధ్రప్రదేశ్‌లో అయితే గ్రామ, వార్డు సచివాలయంలో గానీ బయలుదేరే ముందే అడిగి తెలుసుకోండి. అలాగే రాష్ట్రం తన వంతుగా అదనంగా ఇచ్చేది బయట దొరకదు. తెలంగాణలో మనిషికి 6 కిలోల సన్నబియ్యం ఇస్తున్నారు. అదే కుటుంబం మహారాష్ట్రలోని భివండి వెళ్తే అక్కడ దొరికేది కేంద్రం లెక్క ప్రకారం 5 కిలోలే.

డిపోకు వెళ్తే డీలరు, మీది మా కార్డు కాదు, మా వాళ్లకే చాలడం లేదు అని తిప్పి పంపడం ఉంది. రూలు అలా లేదు. సరుకు తగ్గితే తెప్పించుకోవాల్సిన బాధ్యత వాళ్లది. 1967 నంబరుకు ఫోను చేసి చెప్పండి. వేరే రాష్ట్రంలో ఉంటే 14445.

ఇప్పుడు పింఛను. నేను ఎక్కువసేపు మాట్లాడాలనుకున్నది దీని గురించే. ఎందుకంటే బియ్యానికి ఉన్న వెసులుబాటు పింఛనుకు లేదు.

ఆంధ్రప్రదేశ్‌లో ఎన్టీఆర్ భరోసా పింఛను ప్రతి నెలా ఒకటో తేదీన సచివాలయ సిబ్బంది ఇంటికి తెచ్చి చేతికిస్తారు. ముసలివాళ్లకు, భర్త పోయిన ఆడవాళ్లకు 4,000 రూపాయలు, దివ్యాంగులకు 6,000. తెలంగాణలో చాలావరకు 2,016 రూపాయలు, దివ్యాంగులకు 4,016, బ్యాంకులోనో పోస్టాఫీసులోనో అందుతాయి. గుమ్మం దగ్గరికి డబ్బు తెచ్చి ఇవ్వడం మంచం మీదున్న మనిషికి ఎంత సాయమో వేరే చెప్పక్కర్లేదు. కానీ డబ్బు గుమ్మానికి వస్తుంది కాబట్టి ఆ గుమ్మం ఎక్కడుందో సచివాలయానికి తెలియాలి. తెలియకపోతే సిబ్బంది పాత ఇంటికి వస్తారు, తాళం కనిపిస్తుంది, వెళ్లిపోతారు.

ఒకప్పుడు ఏ నెల పింఛను ఆ నెలలోనే తీసుకోవాలి, లేకపోతే పోయినట్టే. 2024 చివర్లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం దాన్ని మార్చింది. ఒక నెలో రెండు నెలలో ఊళ్లో లేకపోతే ఆ డబ్బు మూడో నెల పింఛనుతో కలిపి ఇస్తున్నారు. మంచి మార్పు. కానీ దానితోపాటే ఇంకో మాట ఉంది. వరుసగా మూడు నెలలు తీసుకోకపోతే ఆ మనిషి శాశ్వతంగా ఊరు విడిచిపోయినట్టు లెక్కగట్టి పింఛను ఆపేస్తారు. తర్వాత కావాలంటే మళ్లీ అర్జీ పెట్టుకోవాల్సిందే. ఈ మూడు నెలల గడువు సంగతి పింఛను తీసుకునే ప్రతి ఇంట్లో తెలియాలి. ముఖ్యంగా కొడుకులకూ కూతుళ్లకూ తెలియాలి.

ఎందుకంటున్నానంటే, మన ఇళ్లలో వంతులున్నాయి. తల్లో తండ్రో నాలుగు నెలలు పెద్దకొడుకు దగ్గర, నాలుగు నెలలు రెండోవాడి దగ్గర, ఆ తర్వాత కూతురి దగ్గర. ఇది బాగుందా లేదా అన్నది వేరే ప్రసంగం. ఉన్న వాస్తవం అది. ఆ పెద్దావిడ చిరునామా ఏడాదికి మూడుసార్లు మారుతుంది, ఆవిడ ఇష్టంతో నిమిత్తం లేకుండా. నాలుగు నెలల వంతు, మూడు నెలల గడువు. ఈ రెండిటికీ పొంతన లేదు. ఆవిడ ఊరు విడిచి పోలేదు. ఇల్లు అక్కడే ఉంది, దేవుడి పటాలు అక్కడే ఉన్నాయి, పొలం గట్టున పెనిమిటి సమాధి అక్కడే ఉంది. అయినా లెక్కల్లో శాశ్వత వలస అయిపోతుంది.

మరి ఏం చేయాలి? రాష్ట్రం లోపలే ఇల్లు మారి, ఇక అక్కడే ఉండేటట్టయితే పింఛను బదిలీ పెట్టుకోండి. పింఛను ఐడీ నంబరు, ఆధార్, కొత్తగా ఉండబోయే చోట ఏ సచివాలయం కిందికి వస్తారో ఆ వివరం తీసుకుని సచివాలయానికి వెళ్లి చెబితే అక్కడి నుంచి బదిలీ చేస్తారు. తెలంగాణలో అయితే పల్లెల్లో ఎంపీడీవో ఆఫీసు, పట్టణాల్లో మున్సిపల్ ఆఫీసు. వంతుల మీద తిరిగే పెద్దవాళ్లకు నాలుగు నెలలకోసారి బదిలీ పెట్టడం జరిగే పని కాదు. వాళ్లను మూడో నెల దాటకుండా ఒకటో తేదీకి సొంతూరు తీసుకెళ్లి వేలిముద్ర వేయించండి. వాళ్లంతట వాళ్లే బస్సెక్కి పోతారులే అని వదిలేయొద్దు.

రాష్ట్రం దాటితే మాత్రం పింఛను బదిలీ కాదు. వృద్ధాప్య పింఛనులో కేంద్రం వాటా 80 ఏళ్ల లోపు వాళ్లకు నెలకు 200 రూపాయలు, 80 దాటితే 500. మిగతాదంతా రాష్ట్రం తన ఖజానా నుంచి ఇస్తున్నదే. అందుకని ఈ రాష్ట్రం పింఛను ఆ రాష్ట్రంలో ఇవ్వరు. హైదరాబాదులో కొడుకు దగ్గరుండి, పింఛను కోసం ఒకటో తేదీకి గుంటూరుకో ఒంగోలుకో పోయి వచ్చే పెద్దవాళ్లు మీకూ తెలిసే ఉంటారు. మోకాళ్ల నొప్పులతో, రాత్రి బస్సులో. ఎక్కువ కాలం రాష్ట్రం బయటే ఉండే పరిస్థితి వస్తే, దాచిపెట్టి రెండు చోట్లా నడిపే ప్రయత్నం మాత్రం వద్దు. పట్టుబడితే వెనక్కి కట్టమంటారు, అప్పుడు ఆ ముసలి మనిషి అప్పుల పాలవుతుంది.

రాష్ట్రం లోపలైనా పింఛను మనిషి వెంట నడవకూడదా? బియ్యం నడుస్తున్నాయి కదా. అదే వేలు, అదే ముద్ర, అదే ఆధార్. విజయనగరం అవ్వ విజయవాడలో కూతురింట్లో ఉన్న నెలలో అక్కడి సచివాలయంలో వేలు పెడితే, ఆ నెల డబ్బు అక్కడే చేతికివ్వడానికి సాంకేతికంగా అడ్డమేమీ లేదని నా నమ్మకం. సిబ్బంది తమ జాబితాకు సరిపడా నగదే తెచ్చుకుంటారు, అది నిజమే. అలాంటప్పుడు ఆ ఒక్క నెలకు బ్యాంకు ఖాతాలో వేయొచ్చు. బియ్యం విషయంలో దేశం మొత్తం చేసి చూపించిన పని పింఛను విషయంలో ఒక రాష్ట్రం తనలో తాను చేయలేకపోవడానికి కారణం కనిపించదు. అధికారులు ఎవరైనా వింటుంటే ఈ ఒక్క మాట మనసులో పెట్టుకోవాలని కోరుతున్నాను.

ఇక ఇల్లు మారడమంటే మనకు గుర్తురానిది ఇంకొకటుంది. పెళ్లి. మన దేశంలో అందరికంటే ఎక్కువగా చిరునామా మారేది ఆడపిల్లకే. పెళ్లయి అత్తవారింటికి వెళ్తుంది, పేరు పుట్టింటి కార్డులో ఉండిపోతుంది. తీయించమంటే పుట్టింటివాళ్లకు ఒక మనిషి బియ్యం తగ్గుతాయని వెనకాడతారు. అక్కడ తీయకుండా ఇక్కడ చేర్చరు. ఈలోగా బిడ్డ పుడతాడు, వాడి పేరు ఏ కార్డులోనూ ఉండదు. తెలంగాణలో కొత్త పేర్లు చేర్చడం చాలా ఏళ్లు నిలిచిపోయి 2025లో మళ్లీ కదిలింది. మీసేవలో అర్జీ పెట్టుకోవచ్చు. ఆంధ్రప్రదేశ్‌లో పేరు చేర్పు, తీసివేత, కార్డు విభజన, చిరునామా మార్పు సచివాలయంలోనే చేస్తారు. రాష్ట్ర ప్రభుత్వ మన మిత్ర వాట్సాప్ నంబరు 95523 00009 ద్వారా కూడా అడగొచ్చు. పెళ్లి నమోదు పత్రం దగ్గరుంచుకుంటే సగం తిరుగుడు తప్పుతుంది.

దీనికంటే కష్టమైనది తిరుగు ప్రయాణం. భర్త పోయో, భర్త వదిలేసో పిల్లలతో పుట్టింటికి వచ్చిన ఆడమనిషి. కార్డు అత్తవారి దగ్గర ఉంటుంది, ఇవ్వరు. పేరు వాళ్ల కార్డులో ఉంటుంది, తీయించరు. ఈ మనిషికి బియ్యం లేవు, కొత్త కార్డు రాదు, కార్డు లేదు కాబట్టి ఆసుపత్రి సాయం అందడం కష్టం. ఈమెకు సంతకం పెట్టాల్సినవాళ్లు ఈమెను ఇంట్లోంచి పంపించినవాళ్లే. ఆహార భద్రతా చట్టం ప్రకారం రేషన్ కార్డుకు ఇంటిపెద్ద ఎవరో తెలుసా? ఆ ఇంట్లో 18 ఏళ్లు నిండిన ఆడవాళ్లలో అందరికంటే పెద్దావిడ. ఆడవాళ్ల పేరుతో కార్డు ఇవ్వమన్న చట్టం ఉన్న దేశంలో, ఒక ఆడమనిషి తన కార్డు కోసం అత్తమామల అంగీకారం తెచ్చుకోవాలనడం అన్యాయం. ఇలాంటి అర్జీ వచ్చినప్పుడు తహసీల్దారు మనిషిని పంపి ఆమె ఎక్కడుంటుందో కళ్లతో చూసి నిర్ణయించాలి. కాగితం కోసం ఆమెను తిరిగి ఆ గుమ్మం తొక్కించకూడదు.

ఆధార్ గురించి కొద్దిగా. ఇల్లు మారగానే ముందు ఆధార్ మార్చాలేమో అనుకుంటారు చాలామంది. కూలి కాలానికి పోయి తిరిగి వచ్చేవాళ్లు మార్చొద్దు, అవసరం లేదు. ఇక స్థిరపడిపోయినవాళ్లు మాత్రం ముందు అది మార్చుకుని, ఆ తర్వాత కార్డు, పింఛను, బ్యాంకు చూసుకోవాలి. ఆధార్‌లో చిరునామా ఎన్నిసార్లయినా మార్చుకోవచ్చు. ఆధార్ కేంద్రంలో 75 రూపాయలు తీసుకుంటారు, అంతకు మించి అడిగితే 1947కు చెప్పండి. చిక్కు రుజువు దగ్గర వస్తుంది. అద్దె కాగితం రాసివ్వడానికి ఇంటి యజమాని ఒప్పుకోడు. ఇటుక బట్టీ దగ్గర గుడిసెకు తలుపే లేదు, ఇక డోరు నంబరెక్కడిది? అలాంటివాళ్లకు ఒక దారి ఉంది. ఆధార్ సంస్థ ఇచ్చిన నమూనా కాగితం మీద ఊళ్లో అయితే సర్పంచి గానీ పంచాయతీ కార్యదర్శి గానీ, పట్టణంలో అయితే కౌన్సిలరో, ఎమ్మెల్యేనో, గెజిటెడ్ అధికారో ఈ మనిషి ఇక్కడ ఉంటున్నాడని సంతకం చేస్తే అది రుజువుగా పనికొస్తుంది. ఇంటిపెద్ద ఆధార్ ఆధారంగా కుటుంబ సభ్యుల చిరునామా మార్చే పద్ధతి కూడా 2023 నుంచి ఉంది.

ఫోను నంబరు గురించి మరచిపోకండి. కొత్త ఊళ్లో చవకగా వస్తుందని సిమ్ మార్చేస్తారు. పాత నంబరుకు వచ్చిన ఓటీపీ, కార్డు ఆపేస్తున్నామన్న మెసేజీ ఎవరికో చేరతాయి. ఆధార్‌లో నంబరు మార్చుకోవడానికి కాగితాలేవీ అక్కర్లేదు, కేంద్రానికి వెళ్లి వేలిముద్ర వేస్తే చాలు.

ఇంతవరకూ ప్రజలు చేయాల్సిన పని చెప్పాను. ఇక ప్రభుత్వాలు చేయాల్సినది చెప్పకపోతే ఈ ప్రసంగం సగమే అవుతుంది.

2014 ఆగస్టు 19 గుర్తుందా? తెలంగాణలో సమగ్ర కుటుంబ సర్వే జరిగిన రోజు. ఒక్కరోజులో రాష్ట్రమంతా లెక్క. ఆ రోజు సొంతూళ్లో లేకపోతే కార్డు పోతుంది, పింఛను పోతుంది అన్న మాట జనంలో పాకింది. ముంబై నుంచి, భివండి నుంచి, సూరత్ నుంచి జనం బస్సుల పైకప్పుల మీద కూర్చుని వచ్చారు. కూలి వదులుకుని, పిల్లల బడి మాన్పించి, అప్పు చేసి టికెట్లు కొని వచ్చారు. ఆ భయం ఊరికే పుట్టింది కాదు. ఆ తర్వాతి రెండేళ్లలో ఆ రాష్ట్రంలో దాదాపు 19 లక్షల రేషన్ కార్డులు రద్దయ్యాయి. కంప్యూటరు జాబితాల్ని జల్లెడ పట్టి, ఇంటికి వచ్చి అడగకుండా, నోటీసు ఇవ్వకుండా తీసేశారని హైదరాబాదుకు చెందిన సామాజిక కార్యకర్త ఎస్.క్యూ. మసూద్ కోర్టుకు వెళ్లారు. 2022 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు ఆ కార్డులన్నిటినీ ఇంటింటికీ వెళ్లి మళ్లీ పరిశీలించమని ఆదేశించింది. తీసేసిన ఆరేళ్లకు. ఆ ఆరేళ్లలో ఎన్ని పొయ్యిలు ఏం వండుకున్నాయో ఎవరూ లెక్క రాయలేదు.

ప్రభుత్వం తలచుకుంటే చిరునామా మార్పు ఎంత సాఫీగా జరుగుతుందో కూడా మనం చూశాం. 2016 దసరా నాడు తెలంగాణలో పది జిల్లాలు ముప్ఫై ఒకటయ్యాయి. 2022 ఏప్రిల్ 4న ఆంధ్రప్రదేశ్‌లో పదమూడు ఇరవై ఆరయ్యాయి. కోట్లమంది జిల్లా ఒక్కరోజులో మారింది, ఎవరూ ఇల్లు కదలకుండానే. జాబితాల్లో జిల్లా పేర్లను ఆఫీసులే మార్చుకున్నాయి. పింఛను తీసుకునే అవ్వను అర్జీ పెట్టుకోమనలేదు. ప్రభుత్వం గీత మార్చినప్పుడు భారమంతా ఆఫీసు మోసింది. బీదవాడు గుడిసె మార్చినప్పుడు ఆ భారంలో కొంతైనా ఆఫీసు మోయాలి.

ఇల్లు తాళం వేసి ఉంది అని రాసుకునే ముందు సిబ్బంది పక్కింట్లో అడగాలి. ఫోను చేయాలి. ఆసుపత్రిలో ఉన్నారేమో, కోతలకు పోయారేమో, కూతురి పురిటికి వెళ్లారేమో. పేరు తీసేసే ముందు నోటీసు ఇవ్వాలి, ఆ నోటీసు చదవడం రాని మనిషికి చదివి వినిపించాలి.

పేరు పోయిందని తెలిసినవాళ్లు ఊరుకోకండి. సోమవారం కలెక్టరేట్‌కు వెళ్లండి. తెలంగాణలో ప్రజావాణి, ఆంధ్రప్రదేశ్‌లో ప్రజా సమస్యల పరిష్కార వేదిక ఆ రోజే జరుగుతాయి. ఎందుకు తీసేశారో రాతపూర్వకంగా చెప్పమనండి. సమాచార హక్కు చట్టం కింద అడిగే హక్కు మీకుంది. రేషన్ అయితే ఆహార భద్రతా చట్టం కింద జిల్లాలో ఫిర్యాదుల అధికారి, రాష్ట్రంలో ఆహార కమిషన్ ఉన్నాయి. ఏ అర్జీ ఇచ్చినా రసీదు లేకుండా బయటికి రాకండి. రేపు రమ్మంటే రేపటి తేదీ కాగితం మీద రాసిమ్మనండి.

చివరగా, సొంత ఇంట్లో స్థిరంగా ఉంటూ ఈ ప్రసంగం వింటున్నవాళ్లకు ఒక విన్నపం. మీ ఊరి చివర మిరప కల్లాల దగ్గరో, మీ వీధిలో కడుతున్న అపార్ట్‌మెంటు కిందో కొత్తగా దిగిన కుటుంబం ఉంటుంది. వాళ్ల దగ్గర కార్డుందో లేదో అడగండి. ఉంటే, మీ డిపోలోనే బియ్యం తీసుకోవచ్చని చెప్పి, మొదటిసారి వెంట వెళ్లండి. వాళ్లింట్లో పింఛను తీసుకునే పెద్దవాళ్లుంటే మూడు నెలల గడువు గుర్తు చేయండి. డీలరు కాదంటే వాళ్ల తరఫున 1967కు మీరు ఫోను చేయండి.